డెబ్భై పైసల వడ్డీ, ఇరవై ఏళ్ల గడువు

(ఇల్లు కట్టుకోవాలనుకునే ఉద్యోగులు, చిన్న వ్యాపారుల కోసం కర్నూలులో జరిగిన సమావేశంలో ఒక విశ్రాంత బ్యాంకు అధికారి చేసిన ప్రసంగం)

అందరికీ నమస్కారం. వెనక నిలబడినవాళ్లు ముందుకు రండి, ఇక్కడ కుర్చీలున్నాయి. ముందు నేనే మిమ్మల్ని ఒకటి అడుగుతా. మన ఊర్లో బయట అప్పు తీసుకుంటే నూటికి ఎంత వడ్డీ నడుస్తా ఉంది?

(సభలోంచి: "రెండ్రూపాయలు సార్!" "అవసరాన్ని బట్టి మూడు కూడా ఉండాది!")

సరే, రెండే అనుకుందాం. నూటికి నెలకు రెండంటే ఏడాదికి 24 శాతం. ఇప్పుడు బ్యాంకు ఇంటి అప్పు 8.5 శాతం అనుకోండి. దాన్ని మన లెక్కలోకి మారిస్తే నూటికి నెలకు 71 పైసలు. రూపాయి వడ్డీనే ధర్మవడ్డీ అంటాం, ఇది దానికంటే తక్కువ. అందుకే బ్యాంకులో సంతకాలు పెట్టేటప్పుడు ఎవరికీ చెయ్యి వణకదు. "ఇంత చవగ్గా ఎవరిస్తారప్పా" అనుకుంటూ ఒక్కో కాగితం తిప్పి పెట్టేస్తాం.

మరి అంత చవకైన వడ్డీకి 30 లక్షలు తీసుకున్న మనిషి, 20 ఏళ్లు తిరిగేసరికి 62 లక్షల 48 వేలు ఎట్లా కట్టాడు? అసలు 30 అయితే వడ్డీ 32న్నర. వడ్డీ అసలును దాటిపోయింది. రెండ్రూపాయల వడ్డీ అయితే జరగాల్సినది 71 పైసలకే ఎందుకు జరిగింది? ఎందుకంటే రెండ్రూపాయల అప్పు ఎప్పుడు తీర్చేద్దామా అని మనకు నిద్ర పట్టదు. 71 పైసల అప్పును ఇరవై ఏళ్లు మోస్తాం. మనం బేరమాడేది రేటు మీద. డబ్బు పోయేది గడువులో. ఈరోజు నేను ఏం చెప్పినా దాని చుట్టూనే తిరుగుతా, ముందే చెప్తున్నా.

బోర్డు మీద రాస్తాను, ఫోన్‌లో కాలిక్యులేటర్ ఉన్నవాళ్లు నాతోపాటు కొట్టి చూడండి. అప్పు 30 లక్షలు, 8.5 శాతం, 240 నెలలు. కంతు, అంటే నెలనెలా కట్టే ఈఎంఐ, 26,035 రూపాయలు. మొదటి నెల వడ్డీ ఎంత? 30 లక్షల మీద ఏడాదికి 2,55,000. పన్నెండుతో భాగిస్తే 21,250. మీరు కట్టిన 26,035లో ఈ 21,250 వడ్డీకి పోయింది. అసలు కింద జమ అయింది 4,785 రూపాయలు. అంతే. రెండో నెల అప్పు 29,95,215. వడ్డీ దాని మీదే లెక్క కడతారు కాబట్టి ఓ 34 రూపాయలు తగ్గుతుంది, ఆ 34 అసలుకు చేరుతుంది. ఇట్లా చీమ నడక.

ఇక్కడ ఒక అపోహ ఉంది. నా సర్వీసు మొత్తం ఇదే మాట విన్నాను: "బ్యాంకోళ్లు ముందు వడ్డీ అంతా లాగేసుకుని, తర్వాత అసలు పట్టుకుంటారు." అది నిజం కాదు. బ్యాంకు ప్రతి నెలా మిగిలిన బాకీ మీదే వడ్డీ వేస్తుంది, పైసా ఎక్కువ వేయదు. మొదట్లో బాకీ పెద్దది, అందుకని వడ్డీ పెద్దది. ఇందులో మోసం లేదు. మోసమే అయితే నయం, ఎవరి మీదైనా ఫిర్యాదు చేయొచ్చు. ఇది కూడికలు, తీసివేతలు. దీని మీద ఎవరికి ఫిర్యాదు చేస్తాం?

ఐదేళ్లు గడిచాయి. ఒక్క కంతు కూడా తప్పకుండా కట్టారు. మీ జేబులోంచి పోయింది 15 లక్షల 62 వేలు. బాకీ ఎంత ఉంది? 26 లక్షల 44 వేలు! పదిహేనున్నర లక్షలు కడితే అసలు తగ్గింది మూడున్నర లక్షలు. పదేళ్లకు, అంటే సగం గడువుకు, 31 లక్షలు కట్టేసి ఉంటారు, బాకీ ఇంకా 21 లక్షలు. అసలు సగానికి, అంటే 15 లక్షలకు, దిగేది పద్నాలుగో ఏడు చివర్లో. సగం దారికి సగం అప్పు తీరుతుందని మన మనసు అనుకుంటుంది. లెక్క అట్లా అనుకోదు.

(సభలోంచి: "అయితే ముప్పై ఏళ్లు పెట్టుకుంటే కంతు తగ్గుతుంది కదా సార్?")

తగ్గుతుంది. ఎంతో చూద్దాం. అదే 30 లక్షలు, అదే 8.5 శాతం, 30 ఏళ్లకు కంతు 23,067. నెలకు 2,968 రూపాయలు తగ్గింది. మొత్తం కట్టేది 83 లక్షలు. అంటే నెలకు మూడు వేలు మిగిల్చుకున్నందుకు ఇరవై లక్షల పైన అదనం. ఇటువైపు రండి. 15 ఏళ్లు పెట్టుకుంటే కంతు 29,542. మూడున్నర వేలు ఎక్కువ. మొత్తం 53 లక్షల 18 వేలు, అంటే 20 ఏళ్ల వాడికంటే తొమ్మిది లక్షల పైచిలుకు తక్కువ. మూడింటికీ రేటు ఒకటే, మార్చింది గడువు ఒక్కటే. "మీ జీతానికి ఇంకా ఎక్కువ అప్పు వస్తుంది సార్, ముప్పై ఏళ్లు పెట్టేద్దాం" అని ఎవరైనా ఉత్సాహంగా చెప్తే ఈ అంకెలు గుర్తు తెచ్చుకోండి.

ఇప్పుడు రేటు సంగతి. 2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్, అంటే రేటు మారుతూ ఉండే, ఇంటి అప్పుల్ని బయటి ప్రామాణికానికి ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు చెప్పింది. ఎక్కువ బ్యాంకులు రెపో రేటుకు, అంటే రిజర్వు బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటుకు, ముడిపెట్టాయి. 2020 మే నుంచి 2022 మే దాకా రెపో 4 శాతం ఉంది. అప్పుడు ఇంటి అప్పు 6.7 శాతానికి కూడా దొరికింది. చాలామంది ఆ రేటు శాశ్వతం అనుకున్నారు. 2023 ఫిబ్రవరికల్లా రెపో 6.5కు చేరింది. తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం.

దాని దెబ్బ ఎట్లా ఉంటుందో ఒక లెక్క. 6.7 శాతానికి 30 లక్షలు, 20 ఏళ్లు. కంతు 22,722. ఏడాది కట్టాక బాకీ 29 లక్షల 26 వేలు. అప్పుడు రేటు ఒకేసారి 9.2 అయిందనుకోండి. నిజంగా మెట్లు మెట్లుగా పెరిగింది, లెక్క సులభం కావడానికి ఒకేసారి అంటున్నా. ఆ నెల వడ్డీ 22,434. మీరు కట్టేది 22,722. అసలుకు మిగిలింది 288 రూపాయలు! కంతు మార్చకుండా అట్లాగే కడుతూ పోతే అప్పు తీరడానికి ఇంకా 47 ఏళ్లు పైన పడుతుంది. మనవడు కట్టాలి. (నవ్వులు) గడువు అంతే ఉంచాలంటే కంతు 27,202కు పెరగాలి.

ఆ రోజుల్లో చాలామంది విషయంలో జరిగింది ఇదే. కంతు మారలేదు, కాబట్టి ఇంట్లో ఎవరికీ నొప్పి తెలియలేదు. గడువు మాత్రం లోపల్లోపల సాగిపోయింది. అందుకే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఒక ఉత్తర్వు ఇచ్చింది. రేటు మారినప్పుడు కంతు పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, రెండూ కొంత కొంతనా అని మిమ్మల్ని అడగాలి. కొంత మొత్తం ముందే కట్టుకునే అవకాశం ఇవ్వాలి. కంతు ఆ నెల వడ్డీకి కూడా చాలని పరిస్థితి రానివ్వకూడదు. ఫోన్‌కు మెసేజ్ వస్తుంది, మనం పెళ్లి ఫొటోల మధ్య దాన్ని చూడం. చూడండి.

2025లో రెపో మళ్లీ దిగింది. ఫిబ్రవరిలో 6.25, ఏప్రిల్‌లో 6, జూన్‌లో 5.5, డిసెంబరులో 5.25. ఇప్పుడు చేయాల్సిన పని తిరగేసి చేయాలి. రేటు తగ్గినప్పుడు కంతు తగ్గించుకోవద్దు, పాత కంతే కట్టండి, గడువు తగ్గుతుంది. పెరిగినప్పుడు సాగిన ఏళ్లలో చాలావరకు ఇప్పుడు వెనక్కి లాక్కోవచ్చు. ఒక మాట మాత్రం గుర్తుంచుకోండి. ఈ రెపో ముడి బ్యాంకులకే. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలు తమ సొంత ప్రైమ్ రేటు మీద నడుస్తాయి, అక్కడ పెరుగుదల వచ్చినంత తొందరగా తగ్గుదల రాకపోవచ్చు. మీ అప్పు ఏ ముడి మీద ఉందో శాంక్షన్ లెటర్‌లో ఉంటుంది.

(సభలోంచి: "వేరే బ్యాంకుకు మార్చుకోమని ఫోన్లు వస్తుంటాయి సార్, అర శాతం తక్కువంట.")

మంచి ప్రశ్న. ఐదేళ్లు కట్టిన మన మనిషినే తీసుకుందాం. బాకీ 26 లక్షల 44 వేలు, మిగిలిన గడువు 15 ఏళ్లు. కదలకుండా ఉంటే ఇంకా కట్టాల్సింది 46 లక్షల 86 వేలు. కొత్త బ్యాంకు 8 శాతానికి ఇస్తానంది. 15 ఏళ్లకే తీసుకుంటే కంతు 25,266, మొత్తం 45 లక్షల 48 వేలు. లక్షా ముప్పై ఎనిమిది వేలు మిగులు. ఫీజులు పోను లాభమే. కానీ ఆ ఫోన్ చేసిన అబ్బాయి ఏమంటాడు? "మళ్లీ ఇరవై ఏళ్లు పెట్టుకోండి సార్, కంతు 22 వేలకు దిగుతుంది" అంటాడు. కంతు 22,114. మొత్తం 53 లక్షల 7 వేలు. రేటు తగ్గింది, కంతు తగ్గింది, ఆరు లక్షల పైన ఎక్కువ కట్టారు! పైగా కంతు తగ్గిందని ఆ నెల బిర్యానీ తెచ్చుకుని ఉంటారు. మారడానికి ముందు మీ బ్యాంకునే అడగండి, కొత్తవాళ్లకిచ్చే రేటు నాకూ ఇస్తారా అని. కొద్దిపాటి ఫీజు తీసుకుని తగ్గించే బ్యాంకులున్నాయి. అడగనివాళ్లకు మాత్రం ఎవరూ ఇవ్వరు.

ఇంతదాకా బ్యాంకు పుస్తకంలో కనిపించే ఖర్చు. కనపడనిది కూడా చెప్పాలి, మన జిల్లాల్లో ఇది పెద్దది. నంద్యాల రోడ్డులోనో కల్లూరు వైపో స్థలం కొంటారు. అసలు ధర ఒకటి, రిజిస్ట్రేషన్ కాగితంలో రాసేది ఒకటి. స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు అన్నీ కలిపి ఆంధ్రప్రదేశ్‌లో ఏడున్నర శాతం, దాన్ని తగ్గించుకోవాలని. అది చట్టానికి విరుద్ధం, ఆ సంగతి అట్లా ఉంచండి. లెక్కలో కూడా నష్టమే. కాగితంలో ధర తగ్గితే బ్యాంకు ఇచ్చే అప్పు కూడా తగ్గుతుంది. రిజిస్ట్రేషన్ ఖర్చుకు మామూలుగా బ్యాంకు అప్పు ఇవ్వదు. ధరలో కూడా మొత్తం ఇవ్వదు. 30 లక్షల్లోపు అప్పుకు గరిష్ఠంగా విలువలో 90 శాతం, 75 లక్షల దాకా 80 శాతం, ఆపైన 75 శాతం. మిగతాది ఎక్కడి నుంచి తెస్తాం? ఇందాక మీరన్నారే, రెండ్రూపాయల దగ్గర.

ఐదు లక్షలు రెండ్రూపాయల వడ్డీకి తెస్తే నెలకు పది వేలు. అసలు ఒక్క రూపాయి తగ్గదు. 30 లక్షల అప్పుకు కంతు 26 వేలు, ఐదు లక్షల అప్పుకు వడ్డీ మాత్రమే పది వేలు. ఇల్లు కట్టుకుని చితికిపోయిన కుటుంబాలను నేను చూశాను. చాలా వరకు బ్యాంకు అప్పు కాదు వాళ్లను ముంచింది, ప్రామిసరీ నోటు మీద తెచ్చిన ఆ చిన్న అప్పు. చీటీ పాట ముందే పాడుకుని తెచ్చినదైనా అంతే, ఎంత వదులుకుని పాడారో దాన్ని వడ్డీగా లెక్కేసి చూడండి. ఇంటికి అసలు ఖరీదు ఎంతని అడిగితే ఇవన్నీ కలపాలి. ప్లాను కాస్త తగ్గించుకుని, పై అంతస్తు తర్వాత వేసుకోవచ్చు. బంధువులు నవ్వుతారు. వాళ్లు కంతు కట్టరు.

కట్టుకుంటున్న ఇంటికి అప్పు విడతలుగా వస్తుంది. పునాదికి కొంత, లింటెల్‌కు కొంత, స్లాబుకు కొంత. అది పూర్తయ్యే వరకు వాడుకున్న మొత్తం మీద వడ్డీ ఒక్కటే కడతారు, దాన్ని ప్రీ-ఈఎంఐ అంటారు. అది అసలుకు జమ కాదు. మేస్త్రీ ఆర్నెల్లు ఆలస్యం చేస్తే ఆర్నెల్ల వడ్డీ, ఆర్నెల్ల అద్దె, రెండూ మీవే.

ఇన్సూరెన్స్ గురించి రెండు మాటలు. అప్పు ఇచ్చేటప్పుడు ఒక జీవిత బీమా అంటగడతారు. ఒకే ప్రీమియం, లక్ష అనుకోండి, "మీరు చేతినుంచి కట్టక్కర్లేదు, అప్పులో కలిపేస్తాం" అంటారు. కలిపితే ఆ లక్ష 20 ఏళ్లకు 2 లక్షల 8 వేలవుతుంది. ఫలానా కంపెనీ దగ్గరే తీసుకోవాలన్న నిర్బంధం లేదు. బీమా మాత్రం అవసరం. సంపాదించే మనిషికి ఏదన్నా అయితే అప్పు ఇంటావిడ నెత్తిన పడకూడదు. విడిగా టర్మ్ పాలసీ ధర కనుక్కుని రెండూ పోల్చండి.

ఇంటికి కూడా బీమా చేయండి. 2009 అక్టోబరులో తుంగభద్ర, హంద్రీ కలిసి ఈ ఊరిని ఏం చేశాయో ఇక్కడ నలభై దాటిన వాళ్లకు నేను చెప్పక్కర్లేదు. ఇంట్లోకి నీళ్లొచ్చినా కంతు ఆగదు. 2021 ఏప్రిల్ నుంచి భారత్ గృహ రక్ష అని అన్ని కంపెనీల్లో ఒకే తీరు పాలసీ ఉంది, వరద కూడా అందులో ఉంటుంది. స్థలం విలువకు కాదు, కట్టడం తిరిగి కట్టుకోవడానికి అయ్యే ఖర్చుకు చేయాలి.

(సభలోంచి ఒకామె: "సార్, మేమిద్దరం టీచర్లం. ట్యాక్స్ తగ్గుతుందని అందరూ అప్పు తీసుకోమంటున్నారు.")

అమ్మా, ట్యాక్స్ కోసం అప్పు చేయొద్దు. పాత పన్ను విధానంలో సొంతంగా ఉండే ఇంటి వడ్డీని ఏడాదికి రెండు లక్షల దాకా ఆదాయంలోంచి తీసేసుకోవచ్చు. పన్నులోంచి కాదు, ఆదాయంలోంచి. మీరు 20 శాతం శ్లాబులో ఉంటే మిగిలేది సెస్సుతో కలిపి 41,600. మొదటి ఏడాది మీరు కట్టే వడ్డీ రెండున్నర లక్షలు. కొత్త విధానంలోనైతే సొంతంగా ఉండే ఇంటికి ఆ తగ్గింపు కూడా లేదు. ఎటూ తీసుకున్న అప్పు అయితే, ఇద్దరి పేరు మీదా ఇల్లూ అప్పూ ఉంటే, పాత విధానంలో ఇద్దరూ విడివిడిగా చూపించుకోవచ్చు. అంతవరకే దాని ఉపయోగం.

మరి ఏం చేయాలి? ఫ్లోటింగ్ రేటు మీద ఉన్న ఇంటి అప్పును వ్యక్తులు ముందుగా తీరిస్తే జరిమానా లేదు. బ్యాంకుల్లో 2012లోనే తీసేశారు. కాబట్టి మొదటి ఏళ్లలో ఎంత చేతనైతే అంత కొట్టండి. మన లెక్కలో మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కట్టారనుకోండి. చివర్లో 18 కంతులు మాయమైపోతాయి. 18 కంతులంటే 4 లక్షల 68 వేలు. లక్ష కట్టి నాలుగున్నర లక్షలు తప్పించుకున్నారు. అదే లక్ష పదిహేనో ఏట కడితే ఇంత పని చేయదు. డీఏ అరియర్స్ వచ్చినా, పంట డబ్బొచ్చినా, మొదటి ఐదేళ్లలో వచ్చినదానికి ఉన్న బలం తర్వాత రాదు. లేదా ఏడాదికి ఒక కంతు అదనంగా, పన్నెండుకు పదమూడు కట్టండి. అప్పు దాదాపు 16 ఏళ్ల 8 నెలలకు తీరుతుంది, ఆరు లక్షల పైచిలుకు మిగులుతుంది. కట్టేటప్పుడు "గడువు తగ్గించండి, కంతు అట్లాగే ఉంచండి" అని రాతపూర్వకంగా ఇవ్వండి. నోటిమాట వద్దు.

అయితే ఒకటి. బయట రెండ్రూపాయల అప్పుంటే ముందు అది తీర్చండి. క్రెడిట్ కార్డు బాకీ ఉంటే అది. నాలుగైదు నెలల ఖర్చు చేతిలో ఉంచుకోండి. ఉన్నదంతా బ్యాంకులో కట్టేసి, నెల తిరక్కుండా ఆస్పత్రి ఖర్చొచ్చి మళ్లీ బయట వడ్డీకి పరిగెత్తినవాళ్లున్నారు.

రెండో పక్క కూడా చెప్పకపోతే నేను మిమ్మల్ని భయపెట్టడానికే వచ్చినట్టుంటుంది. 62 లక్షలు అన్నాను కదా, అవి ఈనాటి 62 లక్షలు కావు. ధరలు ఏడాదికి 5 శాతం పెరిగితే ఇరవయ్యో ఏట కట్టే 26 వేల కంతు ఈనాటి 9,800తో సమానం. అద్దె ఏటా పెరుగుతుంది, కంతు ధరలతో పాటు పెరగదు. ఇరవై ఏళ్లు అద్దె కట్టినా చివర్లో ఇల్లు రాదు. అందుకని ఇల్లు కొనొద్దని నేను చెప్పను. మొదటి నెల వడ్డీ 21,250 అనుకున్నాం. అదే ఇంటికి మీ వీధిలో అద్దె పది వేలైతే, ఆ పైనున్న 11 వేలు సొంతింటి తృప్తికి మీరిచ్చే ధర. తెలిసి ఇవ్వండి. నేనూ ఇచ్చాను.

(సభలోంచి: "బ్యాంకోళ్లు ఇవన్నీ ముందే చెప్పాలని రూల్ లేదా సార్?")

ఉంది. 2024 అక్టోబరు 1 నుంచి కొత్తగా ఇచ్చే రిటైల్ అప్పులన్నింటికీ కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అని ఒక పత్రం ఇవ్వాలి. రేటు, ఫీజులు, బీమా అన్నీ కలిపితే ఏడాదికి నిజంగా ఎంత శాతం పడుతుందో అందులో ఏపీఆర్ అన్న పేరుతో ఉంటుంది. ఏ నెలలో అసలుకు ఎంత, వడ్డీకి ఎంత అన్న పట్టిక కూడా ఉంటుంది. మనకు అర్థమయ్యే భాషలో వివరించాలి. తెలుగులో అడగండి. రెండు బ్యాంకుల పత్రాలు తెచ్చుకుని రేట్లు కాదు, ఏపీఆర్‌లు పక్కపక్కన పెట్టండి.

(సభలోంచి: "అప్పు తీరినాక కాగితాలు ఇవ్వకుండా తిప్పుతారు కదా సార్, దానికేం చేయాల?")

2023 డిసెంబరు 1 నుంచి దానికీ నియమం వచ్చింది. అప్పు పూర్తిగా తీరిన 30 రోజుల్లోపు అసలు దస్తావేజులు తిరిగివ్వాలి. వాళ్ల తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున వాళ్లే మీకు కట్టాలి. దస్తావేజులు పోగొడితే నకళ్లు తీయించే ఖర్చు కూడా వాళ్లదే. దస్తావేజులు చేతికి రాగానే నో డ్యూస్ సర్టిఫికెట్ తీసుకోండి. తాకట్టు రిజిస్టర్ అయి ఉంటే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో రద్దు చేయించండి. ఆ తర్వాత ఒకసారి ఈసీ, అంటే ఆస్తి మీదున్న లావాదేవీలు, తాకట్లు చూపించే పత్రం, తీసి చూసుకోండి, అందులో తాకట్టు రద్దయినట్టు నమోదై ఉండాలి.